సున్నా మీది వెలుగుచుక్క

ప్రత్యేక తెలంగాణ కోసం సకల జనుల సమ్మె మొదలైన మూడో రోజు డాక్టర్ తిమ్మప్ప తన ప్రయోగశాల తాళం తానే తీసుకున్నాడు. ముప్పై రెండేళ్ళలో అది మొదటిసారి. తాళంచెవి ఎటు తిప్పాలో తెలియక గుమ్మం ముందు కాసేపు తంటాలు పడ్డాడు. నేల ఒరుగును కొలిచి దేశమంతా పేరు తెచ్చుకున్న మనిషి, తన గది తాళానికి కుడేదో ఎడమేదో తెలియకుండా అరవై ఏళ్ళు బతికాడంటే, ఆ వెనక ఇంకొకరి చేతులున్నాయని అప్పుడే తట్టాల్సింది. తట్టలేదు. గొప్పవాళ్ళకు కొన్ని విషయాలు ఆలస్యంగా తడతాయి.

ఆ చేతులు ఓదెలువి. ఓదెలు ఆ ప్రయోగశాలలో మెకానిక్. అందరితో పాటు అతనూ సమ్మెలో ఉన్నాడు.

ఆ ప్రయోగశాల ఉన్న భౌతిక పరికరాల కేంద్రాన్ని రాష్ట్ర ప్రభుత్వం 1979లో హైదరాబాదు శివార్లలోని గోపన్‌పల్లి పక్కన ఒక పెద్ద బండ మీద కట్టింది. అప్పట్లో చుట్టూ సీతాఫలం పొదలు, వాటి మధ్య గొర్రెల మందలు తప్ప ఏమీ ఉండేవి కావు. ఆ బండను ఏరికోరి ఎంచుకున్నది తిమ్మప్పే. కళ్యాణదుర్గం దగ్గరి పల్లె నుంచి వచ్చి, భౌతికశాస్త్రంలో డాక్టరేటు పుచ్చుకుని, ఇరవై ఎనిమిదేళ్ళకే ఆ కేంద్రంలో చేరాడు. తోటివాళ్ళు సిద్ధాంతాల వెంట పడుతుంటే అతను మాత్రం కొలిచే సాధనాల వెంట పడ్డాడు. కొలవలేనిదాన్ని గురించి ఎంత మాట్లాడినా అది కబుర్లే అని అతని అభిప్రాయం. ఆ అభిప్రాయాన్ని ఎదుటివాళ్ళ మొహం మీదే చెప్పే అలవాటు వల్ల అతనికి స్నేహితులు తక్కువ.

బండను తొలిచి, పందొమ్మిది మెట్ల కింద ఒక గది చేయించాడు. ఆ గదిలో మూడు కాళ్ళ ఇత్తడి పీఠం. పీఠం మీద రెండు సన్నటి క్వార్ట్జ్ పోగులకు వేలాడే చిన్న కడ్డీ, ఆ కడ్డీకి గోరంత అద్దం. దీపం వెలుతురు అద్దం మీద పడి, ఎదురుగోడకున్న స్కేలు మీద చుక్కగా నిలుస్తుంది. నేల ఏ కాస్త ఒరిగినా చుక్క పక్కకు జరుగుతుంది. చూడవచ్చినవాళ్ళకు తిమ్మప్ప ఎప్పుడూ ఒకే మాట చెప్పేవాడు. "ఇక్కడి నుంచి లింగంపల్లి స్టేషను దాకా ఒకే పలక పరిచినారనుకోండి. ఆ చివర పలక కింద ఒక రూపాయి బిళ్ళ దూర్చండి. ఇక్కడ చుక్క ఒక గీత జరుగుతుంది."

ఆ పోగులు లాగింది ఓదెలు. క్వార్ట్జ్ ముక్కను మంటలో కరిగించి బాణం తోకకు అంటించి, వెదురు విల్లుతో వరండా ఈ కొస నుంచి ఆ కొసకు వదిలితే, బాణం వెనకాల కంటికి ఆనని పోగు సాగుతుంది. ఆ పద్ధతిని పాత పుస్తకంలో చదివి చెప్పింది తిమ్మప్ప. విల్లు వంచి, నలభై బాణాలు పాడుచేసి, నలభై ఒకటోదానికి పోగు చేతబట్టింది ఓదెలు. అంతకుముందు అతను జీడిమెట్లలో లేతు మిషను దగ్గర పనిచేస్తున్న కరీంనగర్ జిల్లా యువకుడు. అతని పనితనం చూసి తిమ్మప్పే ఉద్యోగం ఇప్పించి తెచ్చుకున్నాడు. పీఠానికి వెనక కాలు కింద, దాన్ని ఎత్తి దించే స్క్రూ మర కూడా ఓదెలు చేసిందే. దాన్ని వేళ్ళతో నిండుగా ఒక చుట్టు తిప్పితే కాలు వెంట్రుక మందంలో వెయ్యో వంతు లేస్తుంది. అంత సున్నితమైన మర విదేశాల నుంచి తెప్పించాలంటే అనుమతులకే రెండేళ్ళు పట్టేది.

ఇక పేరు ఎలా వచ్చిందంటే, చుక్క కదలకపోవడం వల్ల వచ్చింది. ఇలాంటి పరికరాలు ఎక్కడున్నా వాటి సున్నా నెమ్మదిగా పక్కకు జారుతుంది. తిమ్మప్ప పరికరంలో జారలేదు. రోజూ ఉదయం పది గంటలకు అతను మెట్లు దిగేసరికి చుక్క సున్నా మీద ఉండేది. ఆ అంకెలన్నీ పేర్చి, గోపన్‌పల్లి బండ దేశంలోకెల్లా నిశ్చలమైన నేల అనీ, తన పరికరం దానికి తగ్గ సాక్షి అనీ వ్యాసం రాశాడు. జాతీయ పురస్కారం వచ్చింది. అయిదు ప్రయోగశాలల వాళ్ళు అదే నమూనాతో పరికరాలు చేసుకున్నారు. అయిదింటిలోనూ చుక్క జారింది. "వాళ్ళ పనితనం అంతే" అని తిమ్మప్ప నవ్వేవాడు. ఆ నవ్వు ఇప్పుడు తలుచుకుంటే అతనికి తల ఎత్తుకోబుద్ధి కాదు.

తొంభై ఎనిమిది తర్వాత చుట్టుపక్కల అద్దాల మేడలు లేవడం మొదలైంది. మందుగుండు పెట్టి బండలు పేల్చేవాళ్ళు. కంకర లారీలు పగలూ రాత్రీ తిరిగేవి. చుక్క సున్నా మీదే ఉన్నా, సగం గీత మేర వణుకుతూ ఉండేది. పేల్చుడు ఆపమని తిమ్మప్ప పదేళ్ళ పాటు ప్రభుత్వానికి ఉత్తరాలు రాశాడు. ఒక్కదానికీ జవాబు రాలేదు. అతను ఉత్తరాలతో ఆపలేనిది సమ్మె ఒక్క ఉదయంలో ఆపింది. జిల్లాల నుంచి వచ్చిన కూలీలు ఊళ్ళకు వెళ్ళిపోయారు, లారీలు నిలిచాయి, బస్సులు డిపోల్లోంచి కదల్లేదు. కరెంటు కోతలు పెరిగాయి కానీ దీపానికి బ్యాటరీ ఉంది.

తిమ్మప్పకు మిగిలింది నెలన్నర. పదవీ విరమణ అయి రెండేళ్ళయినా సలహాదారుగా ఉంచారు. అక్టోబరు ముప్పై ఒకటితో అదీ అయిపోతుంది. ఆ రోజు సభ. సభలో పరికరాన్ని ఢిల్లీలోని ఒక మ్యూజియానికి అప్పగిస్తారు. దాని ముందు పెట్టడానికి ఇత్తడి ఫలకం చెక్కిస్తున్నారు. తిమ్మప్ప పేరు, కింద ఒక వాక్యం: ముప్పై రెండేళ్ళు సున్నా చెదరని పరికరం. పిల్లలు లేని తిమ్మప్పకు, బతికినందుకు గుర్తుగా ఆ ఒక్క వాక్యం చాలనిపించింది. అంతకు మించి ఏ కోరికా లేదు.

అలాంటి వాడు సమ్మె మూడో రోజున మెట్లు దిగి చూస్తే చుక్క సున్నా మీద లేదు. ఎడమ పక్కకు సగం గీత జరిగి ఉంది.

దీపం కదిలిందేమో అనుకున్నాడు. కదల్లేదు. స్కేలు చూశాడు, బిగుతుగానే ఉంది. మర్నాడు ముప్పావు గీత. ఆ మర్నాడు ఒకటి. గదిలో ఎలుక దూరిందా అని మూలమూలా వెతికాడు. ఏడో రోజుకు ఒకటిన్నర. లారీలు లేవు కనుక చుక్క ఏ మాత్రం వణకడం లేదు. ఏళ్ళ తరబడి అతను కోరుకున్న నిశ్చలత అదే. ఆ నిశ్చలతలో చుక్క రోజుకు పావు గీత చొప్పున, ఎవరి అనుమతీ అడక్కుండా, ఎడమకు నడుస్తోంది. గ్రాఫు కాగితం మీద చుక్కలు పెట్టి కలిపితే గీత తిన్నగా వచ్చింది.

తిమ్మప్ప పీఠం దగ్గర గొంతుక్కూచుని టార్చి వేసి చూశాడు. ఇత్తడి అంతా మాసి గోధుమరంగుకు తిరిగింది. ముందు కాళ్ళ మరలు పచ్చగా చిలుము పట్టి ఉన్నాయి. వెనక కాలి మర మాత్రం తళతళ మెరుస్తోంది. దాని అంచున వేళ్ళు పట్టుకునే చోట గాట్లన్నీ అరిగి నునుపు తేలాయి. రోజూ ముట్టుకుంటే తప్ప ఇత్తడి అలా ఉండదు. ముప్పై రెండేళ్ళు ముట్టుకుంటే తప్ప ఆ గాట్లు అలా అరగవు.

కాళ్ళ కింద భూమి కదిలిందని అందరూ మాటవరసకు అంటారు. తిమ్మప్పకు అది లెక్కతో సహా తెలిసింది.

ఇంటికి వెళ్ళి అన్నం ముందు కూచుని కలపకుండానే ఉండిపోయాడు. భార్య శారదమ్మ రెండుసార్లు పిలిచి, మూడోసారి పిలవకుండా పక్కన కూచుంది. అతను చెప్పాడు. బండ కదులుతోంది, ఎప్పుడూ కదులుతూనే ఉంది, ఎవరో రోజూ దాన్ని సర్ది పెట్టారు, తాను ఆ సర్దుబాటుకు పురస్కారం తీసుకున్నాడు. అంతే విషయం.

"ఎవరో అంటావేమి? ఆ గదిలోకి పోయేది ఇద్దరే గదా," అంది శారదమ్మ. "ఓదెలును అడిగినావా?"

"ఏమని అడిగేది?"

"ఏం జరిగిందని అడుగు. ఇన్నేండ్లలో ఆ మాట ఎన్నడన్నా అడిగినావా ఆయప్పను?"

అడగలేదు. పని చెప్పడమే తప్ప అడగడం అతనికి అలవాటు లేదు.

మర్నాడు మధ్యాహ్నం గోపన్‌పల్లి చౌరస్తాకు నడిచి వెళ్ళాడు. అక్కడ టెంటు వేసి రోజూ కొందరు నిరాహార దీక్షకు కూచుంటున్నారు. ఆ రోజు వంటా వార్పు. రోడ్డుకు అడ్డంగా రాళ్ళ పొయ్యిలు పెట్టి అన్నం, పప్పు వండుతున్నారు. మేడల్లో ఊడ్చే ఆడవాళ్ళు, గేట్ల దగ్గర కాపలా ఉండేవాళ్ళు, డ్రైవర్లు వరసగా తారు మీదే కూచున్నారు. ఓదెలు మెడలో తువ్వాలతో పెద్ద గంజులో పప్పు కలుపుతున్నాడు. బోరబండ నుంచి రోజూ సైకిలు మీద వస్తున్నాడని తిమ్మప్పకు తర్వాత తెలిసింది.

"ఎవరే ఓదెలన్నా, ఈ పెద్దమనిషి?" అని ఒకడు అనుమానంగా అడిగాడు.

"మా సార్. అనంతపురం దిక్కు."

పొయ్యిల దగ్గరివాళ్ళు చేతులాపి తిమ్మప్ప వైపు చూశారు. వడ్డిస్తున్న మల్లమ్మ అనే ఆవిడ ఆ చూపుల్ని పట్టించుకోకుండా విస్తరి తెచ్చి తిమ్మప్ప చేతిలో పెట్టింది. "గిట్ల రోడ్డు మీదికి వచ్చినోళ్ళు తినకుంట పోవద్దు సార్. కూసోండ్రి." తిమ్మప్ప తారు రోడ్డు మీద కూచోబోయాడు. ఓదెలు రెక్క పట్టి కూచోబెట్టి, గరిటె ఇంకొకరికి ఇచ్చి తానూ పక్కన చతికిలబడ్డాడు.

"ఓదెలూ, ఒక మాట అడుగుతా. వెనక కాలి మర నువ్వు తిప్పుతాండావా?"

ఓదెలు మొహంలో తడబాటు లేదు. ఊడ్చావా అని అడిగితే ఊడ్చానని చెప్పినట్టే చెప్పాడు. "తిప్పుత సార్. రోజు పొద్దుగాల ఆరున్నరకు దీపం పెట్టి, సుక్క యాడున్నదో సూసి, సున్నా మీదికి తెస్త. మీరొచ్చేటాల్లకు ఊగుడు ఆగి మంచిగ నిలవడుతది."

"ఎప్పటి నుంచి?"

"మొదటి సంది. మీరే చెప్పిండ్రు గద సార్."

"నేనా?"

"పోగు పట్టి కడ్డీ ఏలాడదీసిన దినం. మీరు మస్తు ఖుషీగ ఉన్నరు. నా బుజం మీద చెయ్యేసి, రోజూ నేనొచ్చేసరికి చుక్క సున్నా మీద ఉండాల, అది నీ పూచీ అన్నరు. ఒక్క దినం తప్పలే సార్. మా అవ్వ సచ్చిపోయిన పొద్దు సుత ముందుగాల గీడికొచ్చి సుక్క పెట్టి, గప్పుడు ఊరికి పోయిన."

తిమ్మప్పకు గుర్తొచ్చింది. కొత్తగా నిలబెట్టిన పరికరం కుదుటపడేదాకా, ఓ నెల రోజులు, రోజూ సున్నాకు తేవడం మామూలే. నెల తర్వాత దాన్ని వదిలేయాలి. వదిలేసి, అది ఎటు పోతుందో రాసుకోవాలి. రాసుకోవడం తిమ్మప్ప సరిగ్గా నెల తర్వాతే మొదలుపెట్టాడు. తిప్పడం ఇక ఆపమని ఓదెలుకు చెప్పడం మరిచిపోయాడు. మొత్తం జరిగింది అంతే. ఆ ఒక్క మాట చెప్పడం మరిచిపోయి, ఆ మరుపు మీద ముప్పై రెండేళ్ళ శాస్త్రం కట్టాడు.

"మరి నాకు ఎన్నడూ చెప్పలేదే?"

"గది ఊడ్సిన, దీపం తుడిసిన అని చెప్తమా సార్? గిది గూడ గంతే అనుకున్న." ఓదెలు ఆగి, సార్ మొహం పరీక్షగా చూశాడు. అప్పుడు అతని గొంతు మారింది. "తప్పయిందా సార్?"

విస్తట్లో అన్నం చల్లారిపోతోంది. తల్లి శవాన్ని వెనక పెట్టుకుని వచ్చి మర తిప్పిన మనిషికి, ఆ తిప్పడమే కొంప ముంచిందని ఎలా చెప్పడం? కళ్ళలో నీళ్ళు తిరిగాయి. పదిమందిలో ఏడవడం అతనికి తెలియదు కనుక తల వంచుకున్నాడు.

"తప్పు నాది ఓదెలూ," అన్నాడు చివరికి. "ఎటు పోతుంది అది? చెప్పు నాకు."

"వానలు పడితే ఎడమకు, ఎండలు ముదిరితే కుడికి. ముందుగాల వానకే జర ఎక్కువ పోతుండె. గీ బిల్డింగులు లేసి బోర్లు పడ్డంక ఎండకాలం కుడికి మస్తు పోతది. మొన్న మే నెలల అయితే ఒక్క పొద్దుగాలనే పూర చుట్టు తిప్పిన. నాకు ఏల్లకు తెలుస్తది సార్. సుక్క సూడక ముందే తెలుస్తది."

తిమ్మప్ప విస్తరి పక్కన పెట్టాడు. బండ నీళ్ళు తాగి ఉబ్బుతుంది, ఎండి కుంగుతుంది. బోర్లు నేలలోని తడిని ఎలా లాగేశాయో, ఏ ఏడు ఎంత లాగాయో, అంతా ఆ చుక్క చెప్పింది. రోజూ చెప్పింది. అంతకన్నా పెద్ద విషయం ఏ పరికరం చెబుతుంది? దాన్ని పొద్దున్నే చెరిపేయమని ఆజ్ఞ ఇచ్చి, చెరిపిన పలకను పది గంటలకు వచ్చి కొలిచాడు తాను. ఆ లెక్క ఇప్పుడు ఓదెలు చూపుడువేలులో, బొటనవేలులో తప్ప ఎక్కడా లేదు.

"ఎంత తిప్పినావో ఎక్కడన్నా రాసుకోవాల్సింది."

"రాసుడు మీ పని గద సార్," అన్నాడు ఓదెలు. తువ్వాలతో మొహం తుడుచుకుని, "అరవై తొమ్మిదిల మా బడి ఏడాదంత బందయింది. అప్పుడు గూడ గిదే కొట్లాట. మల్ల నేను బడి మొకం సూడలే. పేరు రాస్త, అంకెలు రాస్త, అంతే."

ఆ మాటలో నిష్ఠూరం లేదు. ఉంటే బాగుండునని తిమ్మప్పకు అనిపించింది. ఆ ఏడే తాను అనంతపురంలో కాలేజీ పరీక్ష ఫస్టు క్లాసులో పాసయ్యాడు.

కేంద్రానికి ఇప్పటి డైరెక్టరు శివశంకర్, ఒకప్పుడు తిమ్మప్ప దగ్గర చదువుకున్నవాడే. కడప మనిషి, మర్యాద తెలిసినవాడు. విషయం విని తలుపు వేసి వచ్చాడు.

"సార్, ఫలకం చెక్కడం అయిపోయింది. ఆహ్వానాలు పోయినాయి. ఇప్పుడు ఎవరికి తెలుసు ఇది?"

"నాకు తెలుసు."

"చెప్పి తీరాలంటే ఒక దారి ఉంది. మీకు తెలియకుండా మెకానిక్ పరికరాన్ని తాకినాడు అని రాయండి. అది నిజమే కదా. మీ పేరుకు మచ్చ రాదు. వాడు ఎట్లాగూ సమ్మెలో ఉన్నాడు."

తిమ్మప్ప ఇంటికి వచ్చి ఆ వాక్యమే రాశాడు. నాకు తెలియకుండా నా సహాయకుడు. రాసి చదువుకుంటే అందులో ఒక్క అబద్ధమూ కనబడలేదు. ఈ వాక్యం బయటికి పోతే ఏమవుతుందో కూడా అతనికి తెలుసు. ఓదెలు మీద విచారణ వేస్తారు. ఈ ప్రాంతంవాళ్ళకు పని రాదని అనడానికి ఎదురుచూసే నోళ్ళకు ఒక ఉదాహరణ దొరుకుతుంది. తన పేరు మాత్రం మ్యూజియంలో ఇత్తడి మీద చల్లగా ఉంటుంది. మనిషి మంచివాడే కానీ ఆ సాయంత్రమంతా ఆ కాగితాన్ని చించలేదు. బల్ల మీదే పెట్టుకుని అటూ ఇటూ తిరిగాడు. ఈ కథ చెప్పేటప్పుడు ఆ సాయంత్రాన్ని దాచడం న్యాయం కాదు.

శారదమ్మ దాన్ని తీసుకుని చదివింది. "నిజమే గదా రాసినావు?" అంది.

"నిజమే."

"అయితే ఎందుకు తిరుగుతాండావు?"

అప్పుడు చించాడు. చించి, రెండో ఉత్తరం రాశాడు. వ్యాసం అచ్చువేసిన పత్రికకు, పురస్కారం ఇచ్చినవాళ్ళకు, తన నమూనాతో పరికరాలు చేసుకున్న అయిదు ప్రయోగశాలలకు. సున్నా రోజూ చేతితో సర్దినదనీ, ఆ ఆజ్ఞ తనదేననీ, దాన్ని వెనక్కు తీసుకోవడం తానే మరిచిపోయాననీ, గోపన్‌పల్లి బండ నిశ్చలం కాదనీ రాశాడు. చివర ఇలా రాశాడు: "ఈ నేల కదులుతుందని ఈ ముప్పై రెండేళ్ళూ తెలిసిన మనిషి ఒక్కడే ఉన్నాడు. అతని పేరు ఓదెలు. అతన్ని నేను ఏనాడూ అడగలేదు."

ఉత్తరాలు వెళ్ళిన పది రోజులకు మ్యూజియంవాళ్ళు తమకు పరికరం అవసరం లేదన్నారు. సభ రద్దయింది. పాత స్నేహితుడొకడు పుణె నుంచి ఫోన్ చేసి, ఈ వయసులో నీకెందుకింత తీట అని తిట్టి పెట్టేశాడు. ఫలకం ఏమయిందో తిమ్మప్ప అడగలేదు. కానీ బాధపడలేదని అంటే అబద్ధం. బాధపడ్డాడు. ఉదయం లేవగానే ఎందుకు లేచానా అనిపించేంత బాధపడ్డాడు. అయినా టంచనుగా పది గంటలకు మెట్లు దిగి, చుక్క ఎక్కడుందో చూసి కొత్త రిజిస్టరులో రాసుకుంటూనే ఉన్నాడు.

అక్టోబరు మధ్యలో ఒక బంద్ రోజున, అతను గదిలో ఉండగా మెట్ల మీద అడుగుల చప్పుడయింది. ఓదెలు గుమ్మంలో నిలబడ్డాడు. రైళ్ళు కూడా ఆపేశారు. సైకిలు తొక్కి తొక్కి చొక్కా తడిసిపోయి ఉంది.

"పనికి రాలే సార్," అన్నాడు ముందుగానే. "సమ్మెలున్న. సూసి పోదామని వచ్చిన."

"రా ఓదెలూ, కూచో."

ఓదెలు స్టూలు మీద కూచుని స్కేలు వైపు చూశాడు. చుక్క సున్నాకు ఎడమన ఎనిమిదో గీత మీద, వణుకు లేకుండా నిలబడి ఉంది. కన్నబిడ్డ మొహం మీద దెబ్బ చూసినట్టు అతను చూపు తిప్పుకున్నాడు. ఇంతలోనే కుడిచెయ్యి దానంతటదే మర వైపు లేచింది. సగం దారిలో దాన్ని వెనక్కు లాక్కుని, రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కూచున్నాడు.

"సుక్క గట్ల పక్కకు పోయి ఉంటే పానం గుంజుతున్నది సార్."

"పోనీ ఓదెలూ. ఎంత దూరం పోతుందో పోనీ. మనం చూస్తాం."

ఇద్దరూ చూశారు. బయట ఒక్క బండి చప్పుడు లేదు. ఉత్తరంలో ఏం రాశాడో తిమ్మప్ప తెలుగులో చెప్పాడు. తన పేరు వచ్చినప్పుడు ఓదెలు మళ్ళీ చెప్పమన్నాడు. మళ్ళీ చెప్పాడు.

"మీ పేరు కరాబు చేసుకుంటిరి గద సార్."

"నా పేరు సున్నాయే గదప్పా," అన్నాడు తిమ్మప్ప. ఇద్దరికీ నవ్వు రాలేదు.

పది గంటలయింది. తిమ్మప్ప రిజిస్టరు తీసి తేదీ, అంకె రాశాడు. పరిశీలకుడు అన్న గడిలో ఓదెలు పేరు రాయబోయాడు. ఓదెలు గబుక్కున లేచి అడ్డుపడ్డాడు.

"వద్దు సార్. నా పేరు రాస్తే డ్యూటీ చేసినట్టయితది. బయట నావోళ్ళు కూసున్నరు. సమ్మె అయ్యేదాంక గా గడి కాలీగ ఉండనియ్యుండ్రి."

తిమ్మప్ప కలం మూసి జేబులో పెట్టుకున్నాడు. ఆ గడి ఖాళీగానే ఉంచాడు. ఆ తర్వాత రోజుల్లో తన పేరు కూడా అందులో రాయలేదు.

అక్టోబరు ఇరవై నాలుగున సమ్మె ముగిసింది. కోరింది చేతికి రాలేదు, ఇంకా ఎన్నాళ్ళో తెలియదు. మర్నాడు తిమ్మప్ప, జీవితంలో మొదటిసారి, పొద్దున ఆరున్నరకే ప్రయోగశాలకు బయల్దేరాడు. అతనికి ఇంకా ఏడు రోజులున్నాయి. దూరంగా లారీలు మళ్ళీ కదులుతున్న చప్పుడు వినిపిస్తోంది. ఓదెలు మళ్ళీ మర తిప్పేసి ఉంటాడేమో అనుకుంటూ మెట్లు దిగాడు. ముప్పై రెండేళ్ళ అలవాటు. ఆ చేతుల తప్పేముంది?

తలుపు తీసి ఉంది. దీపం వెలుగుతోంది. ఓదెలు చీపురు పట్టుకుని గోడకు ఆనుకుని నిలబడ్డాడు. గది అంతా ఊడ్చి ఉంది, పీఠం కింద తప్ప. వెనక కాలి మర మిగతా ఇత్తడి లాగే మసకబారి ఉంది.

"ముట్టలే సార్," అన్నాడు ఓదెలు. అతని కళ్ళు తడిగా ఉన్నాయి.

తిమ్మప్ప రిజిస్టరు తెరిచి, కలం మూత తీసి అతని చేతికిచ్చాడు. ఓదెలు చేతులు చొక్కాకు తుడుచుకున్నాడు. స్కేలు దగ్గరికి వెళ్ళి, వంగి, చాలాసేపు చూశాడు. తిరిగి వచ్చి తేదీ కింద పదిన్నర గీతలు, ఎడమ అని రాశాడు. పక్క గడిలో తన పేరు ఒక్కొక్క అక్షరం కూడబలుక్కుంటూ రాశాడు. రాయడం అయ్యాక రిజిస్టరు సార్ వైపు తిప్పాడు, సరిచూసుకోమన్నట్టు.

తిమ్మప్ప స్కేలు వైపు చూడకుండానే రిజిస్టరు మూశాడు.